సినిమా డాక్టరు

పటమట సందులో ఇస్త్రీ బండి దగ్గర చొక్కాల కోసం ఆగిన సంజీవరావుకు, బండి నడిపే అమలమ్మ అడుగుతున్నది ముందు అర్థం కాలేదు.

“ఒక్కసారండి. ఆ తెల్లకోటు వేసుకుని ఆసుపత్రికి రండి బాబుగారూ.”

“నాకేమన్నా పిచ్చా అమలమ్మా? నేను డాక్టర్ని కాదు. సినిమాల్లో ఆ వేషం కట్టేవాణ్ణి.”

“తెలుసండి.”

“తెలిసీ అడుగుతున్నావా? అసలు నేను విలేకరిని. గవర్నర్‌పేటలో పేపరాఫీసులో చేరినప్పుడు దేశాన్నే మార్చేద్దామనుకున్నా. మిర్చి ధరలు రాయమన్నారు. ఆ తర్వాత వారఫలాలు.”

“అయ్యి మీరు రాసేవారా!”

“మూడేళ్లు. రాసే పండితుడు మానేస్తే నన్ను కూర్చోబెట్టారు. నాది కన్యారాశి. వారం వారం నాకు నేనే ప్రమోషన్ రాసుకున్నా. రాలేదు.”

“మరి సినిమాల్లోకెట్టా…”

“చల్లపల్లిలో షూటింగంటే వార్త రాద్దామని పోయా. డాక్టరు వేషం ఆయన రాలేదు. నా కళ్లజోడు చూసి కోటు తొడిగేశారు. హీరోయిన్ని ఇంటర్వ్యూ చేద్దామని వెళ్లి, ‘మీ నాన్న పోయాడమ్మా’ అని చెప్పొచ్చా.”

“అందులో బాగా చేశారండి.”

“ఏం చేశానూ? తలుపు తోసుకొచ్చి, కళ్లజోడు తీసి, ‘సారీ, మా ప్రయత్నం మేం చేశాం.’ పద్దెనిమిది సినిమాల్లోనూ ఇదే ముక్క. ఒక్క పేషెంటు బతికితే ఒట్టు!”

“అదేనండి గొడవ.”

“ఏది?”

“మా ఆయన ఆ సినిమాలన్నీ చూశాడండి.”

“మీ ఆయన ఆమోసా? ఏమైంది? ఆపరేషనా?”

“గుండెలో వాల్వు పాడైందంటండి. సోమవారం చేస్తామన్నారు. సంతకం పెట్టమంటే పెన్ను విసిరికొట్టాడు.”

“అసలు డాక్టర్లు చెప్పారుగా?”

“చెప్పారు. వినడే! ‘లోపలికి తీసుకుపోయాక తలుపు తెరుచుకుని వచ్చేది ఆ కళ్లజోడాయనే, అనేది ఆ మాటే’ అంటాడు. మీ పేరెత్తితే వణుకు.”

“ఇన్నాళ్లకి నా నటనని నమ్మినవాడు ఒకడు దొరికాడన్నమాట.”

“నవ్వకండి బాబుగారూ.”

“నవ్వట్లేదు… నవ్వట్లేదులే. వస్తా. కోటు మాత్రం వద్దు. దొంగ డాక్టరని పట్టుకుపోతే ఫొటోతో సహా మొదటి పేజీలో వేస్తారు. పాతికేళ్లు పేపర్లో పనిచేసినా నా పేరు అక్కడికి ఎక్కలేదు.”

“మామూలుగానే రండి. మీరు చెబితే పెడతాడు.”

“ఏమని చెప్పను? ఆగు. ‘ఆమోసూ, నేను ఉత్తుత్తి డాక్టర్ని. నా చేతిలో పద్దెనిమిది మంది పోయారు. కట్ అనగానే అందరూ లేచి ఇడ్లీలు తిన్నారు. భయపడకు, సంతకం పెట్టు. నీకేం కాదు.’ ఎలా ఉంది?”

“బాగుందండి. ఆ చివరి ముక్క మార్చండి.”

“ఏది? ‘నీకేం కాదు’ అన్నదా? అదేగా అసలు మాట!”

“ఆపరేషను ఆయనకి కాదండి. నాకు.”