పలకని మెట్టు

అదిగో, మళ్ళీ నవ్వుతున్నారు! పాతదయింది కాబట్టి మొరాయించిందంటారు, అంతేనా? ముప్పయ్యొక్క ఏళ్ళుగా ఈ చర్చిలో ఈ ఆర్గాన్ వాయిస్తున్నాను మేస్త్రీగారూ. దీని దగ్గూ ఆయాసమూ నాకు తెలియవా? ఇన్ని మెట్లుండగా సరిగ్గా ఒక్కటే, ఉన్నట్టుండి మూగబోతుందా?

ఎవరో చెయ్యి పెట్టారండీ. నా మాట వినండి.

ఎవరా? బోలెడుమంది. మా క్వయర్‌లో వెనక వరసలో టైలరు లేడూ, శ్రుతి తప్పుతున్నావయ్యా అన్నానని నెల్లాళ్ళుగా నా మొహం చూడడు. పాస్టరుగారేమో నేను గదిలోకి రాగానే మాట మార్చేస్తారు. ఎందుకు మార్చాలి, చెప్పండి?

ఇక మా మేనకోడలు. మా అన్నయ్య కూతురు. ఆరేళ్ళప్పుడు పెడల్‌కి కాళ్ళందకపోతే, నేను తొక్కుతూ దాన్ని ఒళ్ళో కూర్చోబెట్టుకుని నేర్పాను. మొన్న నేను జ్వరంతో మూడు ఆదివారాలు మంచం పడితే అదే వాయించింది. తిరిగొచ్చి చూద్దును కదా, నా పాటల పుస్తకం నిండా దాని పెన్సిలు గీతలు! "అత్తా, ఈ పాట కాస్త నడక పెంచితే అందరూ పాడుతున్నారు" అంది. అందరూ పాడుతున్నారట! అంటే ఇన్నేళ్ళూ నేను జోల పాడానా?

పైగా పాస్టరుగారు, "ఈ ఆదివారం కూడా అమ్మాయినే వాయించనివ్వండమ్మా, మీరు విశ్రాంతి తీసుకోండి" అన్నారు. విశ్రాంతి! ఆ మాటకి అర్థం నాకు తెలీదూ?

ఏమిటలా ఆగిపోయారు? ఏం దొరికింది?

కాగితం ముక్క. మడతపెట్టి కుక్కింది. ఊఁ.

అలా చూడకండి. నేనే పెట్టాను. శనివారం మధ్యాహ్నం. తాళం నా దగ్గరే ఉంటుందిగా. అందరి ముందూ అది ఒక్కసారి తడబడితే చాలనుకున్నాను. అంతకుమించి ఏమీ కోరలేదండీ, ఒట్టు.

తడబడితేగా! మెట్టు పలకలేదని తెలియగానే, ఆ స్వరం వచ్చిన ప్రతిచోటా తనే గొంతెత్తి అందుకుంది. వేళ్ళు ఆగలేదు. రెండో చరణానికల్లా చర్చంతా అక్కడ దాంతో గొంతు కలిపింది. ఆ టైలరు కూడా, అదీ శ్రుతిలో!

అంతా అయ్యాక నా దగ్గరికొచ్చి చేతులు పట్టుకుంది. "భయమేసిందత్తా. కానీ ఏం జరిగినా ఆగకూడదని నువ్వే కదా నేర్పావు" అంది.

ఏమనమంటారు దాన్ని?

సరే, బిగించేయండి. పాస్టరుగారు అడిగితే లోపల ఎలక దూరిందని చెప్పండి. మరీ అంత అబద్ధమేం కాదులెండి.