చెక్‌లిస్టులో గొడుగు

రన్‌వే పక్కన తన వంతు కోసం ఆగిన విమానం. కాక్‌పిట్‌లో కెప్టెన్, చెక్‌లిస్టు చదువుతున్న కో-పైలట్.

"ఫ్లాప్స్?"

"సెట్."

"ట్రిమ్?"

"సెట్. కానీ కానీ, త్వరగా చదువమ్మాయ్."

"గొడుగు?"

"చెక్డ్."

"కెప్టెన్..."

"ఊఁ, తర్వాతది."

"గొడుగన్నాను సర్."

"ఏంటీ?"

"గొడుగు. లిస్టులో లేదు. కావాలనే చదివాను. మీరు చెక్డ్ అనేశారు."

"బాగుంది వరస! పరాచికాలకి ఇదేనా దొరికిన చోటు?"

"పరాచికం కాదు సర్. ఫ్లాప్స్ లివర్ చూడండి, సున్నా మీదే ఉంది. దించమని మీరు చెప్పనే లేదు, నేను దించనూ లేదు. సెట్ అన్నారు. ఫ్లాప్స్ దించని ఈ రెక్కలతో లేస్తే ఏమవుతుందో మీకే బాగా తెలుసు."

"...సరే, దించు. మళ్ళీ మొదట్నుంచి చదువు."

"చదవను."

"చదవవా?"

"కళ్ళు చూడకుండా నోరు జవాబు చెప్పకూడదని ట్రైనింగులో నన్ను చంపుకుతిన్నది మీరే. పొద్దున చేతిలో పెన్ను పెట్టుకుని పెన్నేదీ అని వెతికారు. ఏమైంది సర్?"

"ఏం కాలేదు."

"ఇంట్లో అంతా..."

"ఏం కాలేదన్నాగా!"

"సరే సర్."

"మా ఆవిడకి గుండె ఆపరేషను. పదకొండింటికి లోపలికి తీసుకెళ్తారు. మనం దిగే ఊళ్ళోనే."

"అయ్యో! మరి డ్యూటీకెందుకొచ్చారు?"

"రాకపోతే ఎలా చేరతాను తల్లీ? ఫ్లైటంతా నిండిపోయింది. మన వెనక మడత సీటేమో బెల్టు తెగి మూలపడింది. మిగిలింది ఈ సీటొక్కటే."

"మేడమ్‌కి తెలుసా మీరొస్తున్నట్టు?"

"నన్ను చూశాకే లోపలికెళ్తానంటోంది. వణికిపోతోందమ్మా."

"వెనక్కెళ్తే స్టాండ్‌బై కెప్టెన్ వస్తారు కదా సర్."

"వస్తాడు. ఈ సీట్లో కూర్చుంటాడు. నేను దిగిపోతాను. ఆవిడ తలుపు కేసి చూస్తూ చూస్తూ వెళ్ళిపోతుంది."

"వెనక నూట ఎనభై మంది ఉన్నారు సర్."

"నాకు తెలీదా!"

"టవర్‌కి మీరు చెప్పకపోతే నేను చెప్పాలి. రూలది. నాతో చెప్పించకండి సర్, మీ దండం పెడతాను."

"మైకు మీంచి చెయ్యి తియ్యి."

"సర్, వద్దు, ఇలా ఎగరొద్దు..."

"తియ్యమన్నానా! ... టవర్, మేం టేకాఫ్ చెయ్యట్లేదు. గేటుకి తిరిగొస్తాం."

"అలాగే. కారణం?"

"కెప్టెన్ విమానం నడిపే స్థితిలో లేడు."

"మాట్లాడుతున్నదెవరు? కో-పైలటా?"

"కాదు. కెప్టెన్ని."