సముద్రానికి పంపేసిన అవ్వ

ఈ సభకు అధ్యక్షత వహిస్తున్న మా ప్రచురణాలయం డైరెక్టర్ ప్లామెన్ దోయ్చినోవ్ గారికి, ముందు వరుసలో కునుకు తీస్తున్న పెద్దలకు, రూసే పట్టణ మిత్రులకు నమస్కారం. ప్లామెన్, నువ్విచ్చిన గులాబీలు లెక్కపెట్టాను. పన్నెండున్నాయి. సరిసంఖ్య పూలు సమాధికి పెడతారు నాయనా, రిటైరయ్యే మనిషికి కాదు. (నవ్వులు) పోనీలే, నా పుస్తకాలనూ ఇంత శ్రద్ధగానే చూశావు.

నలభై మూడేళ్లుగా పిల్లలకు కథలు రాసి బొమ్మలు వేసిన ఈ నెవెనా కల్చేవాను ఇందాక ఒకాయన 'ఎర్రచెవుల కుక్కకు తల్లి' అని పొగిడారు. ఆ కుక్క సంగతి చెబుతాను, వినండి. ఆ రోజుల్లో ప్రతి పుస్తకమూ అచ్చుకు ముందు అనుమతి కోసం ప్రభుత్వ కళామండలి ముందుకు వెళ్లేది. ఏదో ఒకటి తీయించకపోతే వాళ్లకు తిన్నది అరిగేది కాదు. అందుకని చిత్రకారులం ఒక మూల అక్కర్లేని కుక్కనో కాకినో గీసి పంపేవాళ్లం. దాన్ని తీసేయమనేవారు, తీసేసేవాళ్లం, అసలు బొమ్మ బతికిపోయేది.

నా మొదటి పుస్తకం పదకొండో పేజీలో అవ్వ చనిపోతుంది. ఖాళీ కుర్చీ పక్కన మనవరాలు కూర్చుని, చావింట్లో పంచే తీపి గోధుమలు చెంచాతో తింటుంటుంది. మూలన కుక్క. మండలి పెద్ద గ్రోజెవ్ గారు కళ్లజోడు సర్దుకుని, "కుక్క భలే ఉందమ్మా, ఉండనీ. అవ్వతోనే చిక్కు. మన పుస్తకాల్లో ఎవరూ చావరు. ఆవిణ్ణి సముద్రం ఒడ్డున విశ్రాంతి గృహానికి పంపెయ్" అన్నారు. నా తెలివి నాకే చుట్టుకుంది. పుస్తకం ఆగిపోతుందని భయపడి పంపేశాను. ముందు వరుసలో కూర్చున్న గ్రోజెవ్ గారూ, అలా నేలచూపులు చూడకండి. పంపమన్నది మీరు, టికెట్టు కొన్నది నేను.

కుక్కకు పేరొచ్చింది. కప్పుల మీదకెక్కింది, పిల్లల లాగుల మీదకెక్కింది. పిల్లలు మాత్రం అవ్వ ఎప్పుడొస్తుందని ఉత్తరాలు రాశారు. వచ్చే వేసవికి, అని జవాబిచ్చేదాన్ని. నలభై మూడు వేసవులు ఇదే అబద్ధం!

ప్రభుత్వం మారింది, కళామండలి పోయింది. అప్పుడు తీసేసి దాచుకున్న ఆ పేజీ పట్టుకుని మన ప్లామెన్ దగ్గరికి వెళ్లాను. "పిన్నీ, ఇప్పుడు మనల్ని ఆపేవాళ్లెవరూ లేరు గానీ, చావుంటే ఎవరు కొంటారు చెప్పు? కుక్కను ఇంకాస్త పెద్దది చేద్దాం" అన్నాడు. గ్రోజెవ్ గారికైతే పైవాళ్ల భయం. నీకేం రోగం నాయనా?

ఈ వసంతంలో విదిన్ నుంచి ఒక ఏడేళ్ల పిల్ల రాసింది. "మా అవ్వ మార్చి నుంచి కనబడట్లేదు. అమ్మను అడిగితే మీ పుస్తకంలో అవ్వలాగే సముద్రానికి వెళ్లిందంటోంది. అక్కడి చిరునామా పంపండి. అవ్వ శాలువా ఇక్కడే మర్చిపోయింది." ఇంతవరకు జవాబు రాయలేకపోయాను.

ప్లామెన్ ఇందాక గొప్పగా ప్రకటించిన ఆ మొదటి పుస్తకం కొత్త ముద్రణ ఒప్పందం మీద నేనింకా సంతకం పెట్టలేదు. పదకొండో పేజీ ఇదిగో, బల్ల మీద పెడుతున్నాను. ఇది వేస్తేనే సంతకం. వేయనంటే ఆ కుక్క చేతే సంతకం పెట్టించుకోండి. నా తిట్లు తిన్నవాళ్లకూ, విని నవ్వినవాళ్లకూ కృతజ్ఞతలు. మొదటి ప్రతి విదిన్‌కు వెళ్లాలి. దాని మీద ఏం రాయాలో అనుకునే ఉన్నాను: 'నేను అబద్ధం చెప్పాను తల్లీ. ఆ శాలువా నువ్వే కప్పుకో.'

సెలవు.