‘సహకరించు’ అన్న మాటకు సాక్ష్యం

పందొమ్మిది వందల ఎనభై ఎనిమిదవ సంవత్సరం జూన్ ఆరవ తేదీ, సోమవారం ఉదయం, మా ఓడరేవు కార్యాలయపు అనువాద విభాగంలో కనిష్ఠ అనువాదకురాలిగా చేరి, ముప్పైఆరు సంవత్సరాల సేవానంతరం అదే విభాగానికి అధిపతిగా ఈ నెలాఖరున పదవీ విరమణ చేస్తున్న విదుషీమణికి ఈ సంచిక తరఫున సవినయ నమస్సులు. ఇటువంటి వ్యాసాలలో ప్రమోషన్లనూ ప్రశంసాపత్రాలనూ వరుసగా పేర్కొనడం ఆనవాయితీ. ఆమె సర్వీసు పుస్తకంలో ఉన్నది ఒకే ఒక ప్రమోషన్, ఒకే ఒక మందలింపు. ఆ మందలింపు కథే ఆమె ఉద్యోగ జీవిత కథ కనుక, దాన్ని దాటవేసి ఆమెను అభినందించడం సాధ్యం కాదు.

ఆమె చేరేనాటికి వయసు ఇరవై నాలుగు. మెట్ల కింద ఒక చెక్క బల్ల, దాని మీద మూడు నిఘంటువులు, రోజూ పదకొండు గంటలకు వచ్చిపడే విదేశీ ఉత్తరాల కట్ట: అదీ విభాగం. ఓడల కంపెనీలు ఇంగ్లీషులో రాసే ప్రతి ఉత్తరాన్నీ మన భాషలోకి తెచ్చి సంబంధిత శాఖలకు పంపడం ఆ బల్ల దగ్గర జరిగే పని. ఏ మాటనూ ఒక పట్టాన వదిలిపెట్టని ఆమె స్వభావం చూసి తోటివారు నెల తిరక్కుండానే ‘డిక్షనరీ గారు’ అని పేరు పెట్టారు. ఆ పేరు నేటికీ చెల్లుబాటులో ఉంది.

మొదటి మాసంలోనే ఒక ముచ్చట జరిగింది. ఒక కంపెనీవారు గోదాము అధికారికి రాసిన ఉత్తరంలో, నిర్ణయం ఇక మీదే అనే భావంతో, బంతి మీ కోర్టులో ఉందని రాశారు. ఈ నుడికారం మన పత్రికలలో ఇంకా పాతబడని రోజులవి. ఆమె దానిని ‘బంతి మీ ఆవరణలో పడియున్నది’ అని అనువదించి పంపారు. మర్నాడు గోదాము అధికారి చెమటలు కక్కుతూ వచ్చి, “ఏమండీ డిక్షనరీ గారూ, గోదాము వెనకాల, డ్రమ్ముల కింద, కాలవలో కూడా వెతికించానండీ. ఏ బంతీ దొరకలేదు. పిల్లలెవరైనా పట్టుకుపోయారేమో, ఏం జవాబు రాయమంటారు?” అని అడిగారు. విభాగమంతా పగలబడి నవ్వింది. ఆమె కూడా నవ్వారు గాని, సిగ్గుతో ఆ పూట భోజనం చేయలేదు. ఆటల నుంచి పుట్టిన మాటలను అక్షరాలా దింపకూడదనీ, వాటి సారాన్ని అందరికీ తెలిసిన తేలిక మాటలో చెప్పాలనీ ఆ రోజే నిశ్చయించుకున్నారు. ఎనిమిదేళ్ళపాటు ఆ నియమం ఆమెకు మంచి పేరు తెచ్చింది. తొమ్మిదవ ఏట ఆ నియమమే కొంప ముంచింది.

పందొమ్మిది వందల తొంభై ఏడు ఫిబ్రవరిలో నాలుగో రేవు మీద నిలబెట్టిన కొత్త క్రేన్ చేతి అతుకులో పగులు ఉన్నదని మా భద్రతాధికారి కనిపెట్టి, దానితో పని ఆపించారు. బయటి నుంచి వచ్చిన పరిశీలకుడు క్రేన్ బాగున్నదని ధ్రువపత్రం ఇస్తే తప్ప దానిని కదపడానికి వీల్లేదు. వారం రోజులు ఆయన ఇవ్వలేదు. ఎనిమిదవ రోజున, క్రేన్ అమ్మిన కంపెనీ ప్రతినిధి మా పనుల విభాగాధిపతికి రాసిన ఉత్తరమొకటి కట్టలో కలిసి అనువాదానికి వచ్చింది. అందులో రెండే వాక్యాలు. పరిశీలకుడు ఇక ‘ప్లే బాల్’ చేయడానికి సిద్ధం. ధ్రువపత్రం శుక్రవారానికి వస్తుంది.

ప్లే బాల్ అంటే అక్షరాలా బంతి ఆడటం. ఆమె నిఘంటువు తిరగేశారు. మొదటి అర్థం సహకరించడమని ఉంది. గోదాము సంగతి గుర్తుండనే ఉంది. ‘పరిశీలకులు సహకరించుటకు సిద్ధముగా ఉన్నారు. ధ్రువపత్రము శుక్రవారమునకు అందును’ అని చక్కగా రాసి, భద్రతాధికారికి ఒక ప్రతి పంపి, తరువాతి ఉత్తరం అందుకున్నారు. భద్రతాధికారి అది చదివి ఊపిరి పీల్చుకున్నారు. ధ్రువపత్రం రాగానే పని మొదలుపెట్టనిచ్చారు. పని మొదలైన పందొమ్మిదవ రోజు ఉదయం పదకొండు గంటలకు క్రేన్ చేయి విరిగి, కింద సరకు దించుతున్న ఆరుగురి మీద పడింది. ఆ చప్పుడుకు మా కార్యాలయపు కిటికీ అద్దాలు అదిరాయి. ఆరుగురిలో ఒక్కరూ మిగలలేదు.

మరణించిన వారిలో ఒకరు మా కార్యాలయం ఊడ్చే ఆవిడకు తమ్ముడు. ఇద్దరే తోడబుట్టినవారు. పదిహేను రోజుల తరువాత ఆవిడ పనిలోకి వచ్చి, చీపురు గోడకు ఆనించి, మెట్ల కింద బల్ల ముందు నిలబడ్డారు.

“ఆ కాగితం మన భాషలోకి మీరే రాశారంట కదమ్మా?”

“అవునమ్మా.”

“అందులో ఏం రాసుంది?”

ఆమె ఫైలు తీసి తాను రాసిన రెండు వాక్యాలూ చదివి వినిపించారు.

“సహకరించడమంటే మంచి మాటే కదమ్మా. మంచి మాట రాస్తే మనుషులెలా చచ్చిపోయారు?”

ఆవిడ వెళ్ళాక ఆమె మూలాన్నీ అనువాదాన్నీ పక్కపక్కన పెట్టుకుని వేలు పెట్టి చదివారు. మూలంలో ‘నౌ’, అంటే ‘ఇక’, ఉంది. తన వాక్యంలో లేదు. ‘ఇక సిద్ధం’ అంటే నిన్నటిదాకా సిద్ధంగా లేడని. పరిశీలించడానికి వచ్చిన మనిషి పరిశీలనకు సిద్ధంగా లేకపోవడమేమిటి? దేనికి ఒప్పుకోనివాడు దేనికి ఒప్పుకున్నాడు? వాక్యం సాఫీగా నడవడం కోసం ఆమె తీసిపారేసిన ఒక్క ముక్కలోనే హెచ్చరికంతా ఉంది. అది చేరి ఉంటే భద్రతాధికారి కనీసం ఒకసారి ఫోను ఎత్తేవారేమో.

ఆమె భర్త ఉన్నత పాఠశాలలో డ్రిల్లు మాస్టారు. ఆ సాయంత్రం ఆయన చిరిగిన వాలీబాల్ వల ముళ్ళు వేస్తుండగా, ఆ మాట ఆటలోంచి ఎలా వచ్చి ఉంటుందని ఆమె అడిగారు.

“అంపైరు ఆట మొదలుపెట్టమని అరిచే కేకే అది. నేను బంతి విసురుతాను, నువ్వు తిరిగి వెయ్యాలి. వెయ్యనన్నావనుకో, ఆట ఆగిపోతుంది. అంతే. అందులో మంచీ లేదు, చెడూ లేదు.”

“మరి చెడు ఎక్కడి నుంచి వచ్చిందండీ?”

“ఏం ఆట ఆడుతున్నారో చూడాలి. ఒక్కడు ఆడనంటే మిగతావాళ్ళు వాణ్ణి ఏమంటారో అది కూడా చూడాలి.”

రెండు వారాలకు విచారణ మొదలైంది. సాక్ష్యానికి ముందు రోజు పనుల విభాగాధిపతి ఆమెను తన గదికి పిలిపించి, కుర్చీ చూపించి, మంచినీళ్ళు తెప్పించారు.

“మీరు మా చెల్లెలి లాంటివారు కాబట్టి చెబుతున్నానమ్మా. అబద్ధం ఆడమనట్లేదు. డిక్షనరీలో మొదటి అర్థం ఏముందో అదే చెప్పి ఊరుకోండి. రెండో అర్థం మీరు ఎత్తారంటే, మీ అనువాదం తప్పని మీ నోటితో మీరే ఒప్పుకున్నట్టు. చేతులారా ఉద్యోగానికి ఎసరు పెట్టుకుంటారా? మీ విభాగంవాళ్ళందరూ మీ అనువాదం సరైనదేనని సంతకాలు చేసి ఇచ్చారు, చూడండి. అందరం ఒక మాట మీద ఉంటే ఎవరికీ ఏమీ కాదు. కాస్త కలిసిరండి.”

కాగితం మీద ఎనిమిది సంతకాలు ఉన్నాయి. ఆమె వాటిని ఒక్కొక్కటిగా చదివి, నీళ్ళు ముట్టకుండా లేచి వచ్చారు. ఇంటికి వెళ్ళి చెప్పులైనా విడవకుండా, “ఇవాళ ఆ మాటకి అర్థం దొరికిందండీ. పుస్తకంలో కాదు, మా ఆఫీసరు గారి నోట్లో” అన్నారు. మాస్టారు, “పిల్ల చదువుకు నా జీతం సరిపోతుందిలే” అని మాత్రం అన్నారు.

విచారణ జరిగిన హాలులో కుర్చీలు చాలక మృతుల కుటుంబాలవారు గోడల వెంట నిలబడ్డారు. కంపెనీ లాయరు ఎంతో మర్యాదగా ప్రశ్నించారు.

“నిఘంటువులో మొదటి అర్థం ఏమిటండీ?”

“సహకరించడం.”

“రెండవది?”

“తనకు ఇష్టం లేకపోయినా ఎదుటివాళ్ళు కోరినట్టు నడుచుకోవడం. మన మాటల్లో చెప్పాలంటే వంత పాడటం. ఒక్కోసారి కుమ్మక్కు అవడం కూడా.”

“కుమ్మక్కు అని నిఘంటువులో ఉందా?”

“లేదండీ. వాడుకలో ఉంది. ఎవరు, ఎవరిని, దేనికోసం అడుగుతున్నారన్నదాన్ని బట్టి తెలుస్తుంది. ఇక్కడ ‘ఇక’ అన్న మాట ఉంది కాబట్టి, ఆయన ముందు కాదన్న పనికే ఇప్పుడు ఒప్పుకున్నారని అర్థం.”

“ఆ ‘ఇక’ మీ అనువాదంలో ఉందా?”

“లేదండీ.”

“ఎందుకు లేదు?”

“అక్కర్లేదనుకున్నాను. నా తప్పే.”

“అయితే ఈ మాటను మంచి అర్థంలోనూ వాడతారు, చెడ్డ అర్థంలోనూ వాడతారు. అంతేనా?”

ఆమె తల పక్కకు తిప్పి గోడ దగ్గర నిలబడ్డ ఊడ్చే ఆవిడను చూశారు. ఇక్కడ ఒక చిన్న అబద్ధం చెబితే న్యాయం జరిగేదని ఇప్పటికీ కొందరు అంటారు. ప్రమాణం చేసిన మనిషి ఆమె. “అంతేనండీ” అన్నారు.

ఆ ‘అంతేనండీ’ మీదనే తీర్పు నిలబడింది. పదానికి రెండర్థాలు ఉన్నందున రాసినవారి దురుద్దేశం నిర్ధారణ కాలేదన్నారు. పరిశీలకుడు వేరే రేవుకు వెళ్ళిపోయారు. పనుల విభాగాధిపతికి పై పదవి దక్కింది. మొత్తం వ్యవహారంలో నిస్సందేహంగా రుజువైన లోపం ఒకటే: అనువాదంలో ఒక పదం విడిచిపెట్టడం. దానిని ఆమే ఒప్పుకున్నారు కనుక ఆమెకు లిఖితపూర్వక మందలింపు ఇచ్చి, మరుసటి ఏడాది మొదట్లో పాత రికార్డుల గదికి పంపారు.

ఆ గదిలో పదకొండు సంవత్సరాలు గడిచాయి. తేమకు గోడలు ఉబ్బిన గది. ఫైళ్ళ దుమ్ముకు దగ్గు పట్టుకుని, అది నేటికీ ఆమెను వదలలేదు. కారిడారులో ఎదురైనవారు గోడ మీది నోటీసులు చదువుతున్నట్టు నటించి తప్పుకునేవారు. ఆమె మాత్రం పాత ఉత్తరాలన్నీ వరుసగా చదువుతూ, ఆటల నుంచి వచ్చిన మాటలు ఎక్కడ కనబడినా తేదీతో సహా ఒక లావుపాటి రిజిస్టరులో ఎక్కించారు. ‘ప్లే బాల్’ అన్న మాట అందులో నలభై ఒక్క చోట్ల ఉంది. తుఫానులో చిక్కిన పడవను లాగడానికి రెండు కంపెనీలు పంతాలు మాని చేతులు కలిపినప్పుడూ అదే మాట. ఒక గుమాస్తాను భయపెట్టి దారికి తెచ్చుకున్నప్పుడూ అదే మాట. అడిగినవాడు పెద్దవాడై, అడిగించుకున్నవాడు చిన్నవాడైన చోట ఆ మాటను సహకారమని రాసే ముందు ఒకటికి రెండుసార్లు ఆలోచించాలనీ, కాదంటే ఏమవుతుందో ఉత్తరంలో చెప్పకపోయినా అది చెప్పినట్టేననీ ఆమె ఆ పుట చివర రాసుకున్నారు.

రెండు వేల తొమ్మిదిలో కొత్తగా వచ్చిన ప్రధాన ఇంజనీరు ఏదో పాత పటం కోసం ఆ గదికి వెళ్ళి, రిజిస్టరు చూసి, అక్కడే నేల మీద కూర్చుని మధ్యాహ్నం దాకా చదివారు. నెలలోపల ఆమెను విభాగాధిపతిగా వెనక్కి తీసుకువచ్చారు. రెండర్థాల మాట తగిలితే రెండూ మార్జినులో రాయాలనీ, భద్రతకు సంబంధించిన కాగితమైతే అనువాదకులే ఫోను చేసి చెప్పాలనీ నేడు మనం పాటిస్తున్న నిబంధన ఆమె పెట్టినదే. దానివల్ల ఎందరు బతికారో ఎవరూ చెప్పలేరు. ఆరుగురు మాత్రం తిరిగి రాలేదు.

ఏటా ఆ ప్రమాదం జరిగిన తేదీన ఊడ్చే ఆవిడ వచ్చి, “ఆ ముక్క చదవండమ్మా” అని అడగడం, ఆమె లేచి నిలబడి ‘ఇక’తో సహా ఆ వాక్యాన్ని చదవడం మేమందరం చూశాం. ఉద్యోగం నుంచి దిగిపోయాక కూడా ఆవిడ రావడం మానలేదు. ఆవిడ క్షమించారని రాయడానికి మా దగ్గర ఏ ఆధారమూ లేదు. ఆ మాట ఆమె ఏనాడూ అడగలేదు.

ఆ ఎనిమిది సంతకాలలో మూడవది ఈ వ్యాసకర్తది. ముసాయిదాలో ‘అనివార్య పరిస్థితులలో సంతకం చేయడమైనది’ అని రాసి, వాస్తవాలు సరిచూడమని గత మంగళవారం ఆమెకే ఇవ్వడం జరిగింది. ఆమె కళ్ళజోడు సవరించుకుని, తన మీది పొగడ్తలన్నీ గబగబా దాటుకుంటూ వచ్చి, ఆ వాక్యం దగ్గర ఆగారు.

“అనివార్యం అంటే తప్పించుకోలేనిదని కదండీ. మీరు తప్పించుకోలేకపోయారా?”

“ఆ రోజు నన్నెవరూ బలవంతపెట్టలేదండీ. కాగితం ముందుకు తోశారు. అందరూ చేస్తున్నారు కదా అని చేశాను.”

“అయితే అలాగే రాయండి” అని, ఎర్ర సిరాతో ఆ రెండు పదాలూ కొట్టేసి, కాగితం తిరిగి ఇచ్చారు. కోపం లేదు, పనిలో తప్పు దిద్దినట్టే దిద్దారు.

అలాగే రాయడమైనది. ఆ సంతకం తప్పు. ఇరవై ఏడేళ్ళ తరువాత, ఆమె కుటుంబసభ్యులు కూడా చదివే ఈ పుట మీద దానిని ఉపసంహరించుకోవడమైనది. ఇది ఆమెకు కానుక కాదని తెలుసు. ఆమె దగ్గు నెమ్మదించాలనీ, మాస్టారుగారితోనూ అమ్మాయితోనూ ఆరోగ్యంగా నిండు నూరేళ్ళూ జీవించాలనీ, అనువదించవలసిన అవసరం లేని మాటలే ప్రతి ఉదయం ఆమె చెవిన పడాలనీ విభాగమంతా మనసారా కోరుకుంటున్నది. ఈసారి ఈ మాట కింద ఎవరి సంతకాలూ సేకరించలేదు. చేయదలచినవారు తమంతట తామే వచ్చి చేస్తారు.