జాబితాలో ఏడోది

ఆసుపత్రి మూడో అంతస్తు. అవయవదాన కమిటీ గది బయట బెంచీ మీద ఇద్దరు.

"మళ్ళీ మొదట్నుంచి. నేను డాక్టర్ని, నువ్వు నువ్వే. మీ పెళ్ళి ఎప్పుడైందమ్మా?"

"ఏది? అయిపోయినదా, అవ్వబోయేదా?"

"అలా అంటే బయటికి పంపేస్తారు. సరిగ్గా చెప్పు."

"పంతొమ్మిది రోజులైంది డాక్టరుగారూ. రిజిస్ట్రారు ఆఫీసులో. భోజనాల పెళ్ళి ఇంకో రెండు నెలల్లో ఉంది. చుట్టాలందరికీ అదే పెళ్ళి. మాకు మాత్రం అయిపోయింది."

"భోజనాల పెళ్ళేంటి?"

"మరేమనను? ఉత్తుత్తిదేదో, అసలుదేదో నువ్వే చెప్పు."

"సరే. ముందే ఎందుకు చేసుకున్నారు?"

"మీరే కదండీ చేసుకోమన్నారు! కాబోయే భార్య దగ్గర కిడ్నీ తీసుకోం, అయిన భార్యయితేనే తీసుకుంటాం అన్నారు. ఈయన కిడ్నీలేమో పెళ్ళి హాలు ఖాళీ దొరికేదాకా ఆగలేదు."

"వెటకారం తగ్గించు. పంతొమ్మిది రోజుల పెళ్ళంటే వాళ్ళకి అనుమానం. ఎక్కడో కొనుక్కొచ్చిన పెళ్ళాం అనుకుంటారు."

"అందుకేగా పెళ్ళి ఫోటోలు తెమ్మన్నారు. తెచ్చావా?"

"ఒక్కటే ఉంది. ఆఫీసు మెట్ల మీద తీసింది."

"అందులో నేను మా కళ్ళజోళ్ళ షాపు కోటుతో ఉన్నాను. జేబులోంచి కళ్ళద్దాలు తుడిచే గుడ్డ వేలాడుతోంది. నీ చేతికేమో డయాలిసిస్ కట్టు. పెళ్ళివాళ్ళలా ఉన్నామా? ఏదో యాక్సిడెంటు కేసులో సాక్షుల్లా ఉన్నాం."

"భోజనం గంటలో రమ్మన్నది నువ్వే కదా."

"మరి సెలవివ్వందే? పెళ్ళికి సెలవు ఒక్కసారే అన్నాడు మా ఓనరు. ఇప్పుడు వాడేస్తే అప్పుడు లేదన్నాడు."

"సరే సరే. ఎలా కలిశారు?"

"లిఫ్టులో ఇరుక్కున్నానండీ. ఈయన లిఫ్టు మెకానిక్కు. తలుపు తీసి, ఎలా ఉన్నారని కూడా అడగలేదు. 'బుద్ధుందా, తలుపుని అలా తంతారా?' అన్నాడు."

"నువ్వేమన్నావు?"

"నలభై నిమిషాలు ఆలస్యంగా వచ్చి నాకే బుద్ధులు చెబుతావా అన్నాను. నాలుగో అంతస్తు నుంచి కిందిదాకా మెట్లు దిగుతూ పోట్లాడుకున్నాం."

"ఇది బాగుంది. ఇది నమ్ముతారు."

"అప్పటి మనల్ని నమ్ముతారు. ఇప్పటి మనల్ని చూస్తేనే... సరేలే. ఇదిగో, పెళ్ళికార్డు నమూనా వచ్చింది. ప్రెస్సతను ఐదింటికల్లా ఏ సంగతీ చెప్పమన్నాడు. నీలం రంగు."

"బాగుంది."

"అక్షరాలు వెండి రంగు."

"బాగుంది."

"నీకు నీలం పడదు కదా."

"నీ ఇష్టం."

"హాలు ఊరవతలది తీసుకుందామా? బస్సులు కూడా రావు అక్కడికి."

"నీ ఇష్టం."

"ఐదొందల మందిని పిలుద్దాం."

"నీ ఇష్టమే."

"నీ మొహం! పాతికమంది కనబడితే ఊపిరాడదు నీకు. పంతొమ్మిది రోజులైంది నువ్వు నాతో పోట్లాడి. 'ఏమే' అని పిలవడం కూడా మానేశావు. సంతకం పెట్టి మెట్లు దిగామో లేదో, ఎవరో పరాయింటి పిల్లతో మాట్లాడినట్టు మాట్లాడుతున్నావు."

"ఇప్పుడు గొడవెందుకు చెప్పు. లోపల నీ బీపీ చూస్తారు."

"అదిగో, బీపీ! మీ అమ్మగారూ అంతే."

"అమ్మేం చేసింది?"

"ఏమీ చెయ్యరు. అదే నా బాధ. ఇదివరకు నేను పెట్టిన టీకి వంక పెట్టేవారు. నేనూ ఒకటనేదాన్ని. ఇప్పుడు కూరల సంచి ముట్టుకోనివ్వరు. మెట్లు దిగుతుంటే వచ్చి చెయ్యి పట్టుకుంటారు. పాలు తాగు, పళ్ళు తిను, గుడ్డు తిను. అవేవీ నాక్కాదు, నా ఎడంపక్కకి."

"అలా అనకు."

"తీసేది ఎడమదే కదా?"

"అబ్బా, ఇప్పుడవన్నీ..."

"నీ ఒళ్ళో ఉన్న ఈ ఫైలు మొన్న చూశాను. ఆసుపత్రివాళ్ళ జాబితా ప్రకారం వరసగా పెట్టారు అత్తయ్య. ఆరోది ఛాతీ ఎక్స్‌రే. ఎనిమిదోది మూత్రపరీక్ష. మన పెళ్ళి కాగితం ఏడోది."

"వరస తప్పితే తీసుకోరు. అందులో అమ్మ తప్పేముంది?"

"తప్పని నేనన్నానా? నేనేమీ అనలేదు. రాత్రిళ్ళు నిద్ర పట్టట్లేదు, అంతే."

"నీకా? ఎందుకు?"

"ఏం లేదు."

"ఏంటో చెప్పు."

"ఏం లేదన్నానా? అదిగో, పిలుస్తున్నారు."

"భార్య ఎవరండీ? లోపలికి రండి. ఒక్కరే."

"ఒక్కదాన్నేనా? ఇద్దర్నీ కూర్చోబెడతారనుకున్నాం."

"ముందు మీరొక్కరేనమ్మా. ఫోనూ సంచీ బయటే పెట్టండి."

"ఇదిగో, పట్టుకో. కార్డు కూడా. మడత పడనివ్వకు."

ఆమె లోపలికి వెళ్ళింది. డయాలిసిస్ వార్డు నర్సు అటుగా వచ్చింది.

"ఏం లిఫ్టు తమ్ముడూ, ఇవాళ నీ రోజు కాదుగా. ఇక్కడున్నావేం?"

"కమిటీ ఉందక్కా. ఆవిడ లోపలుంది."

"ఒక్కర్తేనా? మంచిది. నీళ్ళెన్ని తాగావు?"

"ఒక గ్లాసు. ఇంకా మూడున్నాయి నా కోటాలో. అక్కా, ఒక్కర్తినే ఎందుకు పిలుస్తారు?"

"మొగుడి ముందు, అత్త ముందు కూర్చోబెట్టి అడిగితే ఏ ఆడపిల్ల వద్దనగలదు? అందుకు."

"వద్దంటే?"

"వద్దందని రాస్తారా ఎక్కడైనా? ఇంటికెళ్ళి ఎలా బతుకుతుంది? సరిపోలేదని చెప్పి పంపేస్తారు."

"రక్తాలు కలిశాయని పోయినవారమే చెప్పారుగా."

"కలిసినా అదే చెబుతారు. చివరి పరీక్షలో తేడా వచ్చిందంటారు. అయినా నీకెందుకు చెప్పానివన్నీ! నా నోటికి తాళం లేదు. నీకు తెలుసని ఆ పిల్లకి తెలియనివ్వకు. బయటపడ్డానికి అదొక్కటే తలుపు ఆ పిల్లకి."

"చెప్పను."

"అయినా మీకెందుకివన్నీ. ఇష్టపడి చేసుకున్న పెళ్ళి మీది."

"ఒకవేళ... కిడ్నీ దొరక్కపోతే, ఇలా వారానికి మూడుసార్లు మీ దగ్గరికొస్తూ ఎన్నాళ్ళు లాగొచ్చక్కా?"

"ఒక్కొక్కరు ఒక్కోలా. చనిపోయినవాళ్ళు ఇచ్చే కిడ్నీల పెద్ద జాబితాలో కూడా నీ పేరుంది కదా. బెంగపడకు. నీళ్ళు కొంచెం కొంచెంగా తాగు."

అరగంటకి తలుపు తెరుచుకుంది.

"ఇంతసేపా?"

"ఆఁ."

"ఎలా కలిశారని అడిగారా?"

"అడిగారు. నవ్వారు కూడా."

"మరి?"

"సరిపోలేదట."

"ఏంటీ?"

"సరిపోలేదట. ఏదో చివరి పరీక్ష. కాగితం తర్వాత ఇస్తారట."

"అలాగా."

"అలాగా ఏంటి?"

"సరిపోకపోతే ఎవరేం చేస్తారు? పద, కిందికెళ్ళి ఏమైనా తిందువుగాని. పొద్దుట్నుంచి ఏమీ తినలేదు."

"ఏ పరీక్షో అడగవా?"

"మనకేం తెలుస్తుంది, డాక్టర్ల మాటలు."

"పోయినవారం అన్నీ కలిశాయన్నవాళ్ళు ఇవాళ లేదంటే, ఎందుకని అడగవా? లిఫ్టు తాడు ఒక్కసారి కిర్రుమంటే ఆరుసార్లు విప్పి చూస్తావు. నీ ప్రాణం సంగతి ఒక్క ప్రశ్న వెయ్యవా?"

"ఏడవకు. ఎవరి తప్పూ కాదు. అమ్మకి నేను చెబుతానులే."

"ఏమని?"

"సరిపోలేదని."

"ఎంత నెమ్మదిగా అంటున్నావు! ఇటు చూడు. నా మొహం చూసి అను."

"ఏమనను?"

"సరే, నేనే అంటాను. సరిపోయింది. అన్నీ సరిపోయాయి. నేనే వద్దన్నాను."

"మెల్లగా. నువ్వది నాకు చెప్పక్కర్లేదు. సరిపోలేదంటే చాలు. అందుకే కదా వాళ్ళా మాట చెప్పి పంపేది."

"నీకు తెలుసా?"

"నర్సక్క చెప్పింది. ఇందాకే."

"తెలిసే అలాగా అన్నావా?"

"అన్నాను."

"ఎన్నాళ్ళంటావలా?"

"బతికినన్నాళ్ళూ అందామనుకున్నాను."

"నావల్ల కాదు. ఆ అబద్ధాన్ని మధ్యలో పడుకోబెట్టుకుని నేను కాపురం చెయ్యలేను. లోపల ఒక పెద్దావిడ ఉంది. 'అమ్మా, నీకు ఇవ్వాలని ఉందా?' అంది. మనం అనుకున్నదంతా గడగడా అప్పజెప్పాను. అది కాదమ్మా, నీకుందా అని మళ్ళీ అడిగింది. భయమేస్తోందన్నాను. అంతే. ఇంకే పెద్ద కారణమూ లేదు. కోస్తారంటే భయం. నువ్వు చచ్చిపోతావన్నా భయమే. పంతొమ్మిది రోజులుగా ఆ రెండు భయాలూ కలిసి నన్ను తినేస్తున్నాయి. రేపు ధైర్యమొస్తే నేనే వస్తానేమో. రాకపోవచ్చు కూడా. మాటివ్వలేను."

"ఊఁ."

"ఊఁ కాదు. కోపం రాలేదా నీకు?"

"వచ్చింది."

"ఎంత?"

"చాలా. నాకూ బతకాలని ఉంది కదా. నీ మీద కాదని అబద్ధమాడను. నీ మీదే."

"ఆ ఏడో కాగితంతో ఆసుపత్రికి ఇంక పని లేదు. నీకూ లేకపోతే ఇప్పుడే చెప్పెయ్. రెండు నెలలు ఆగడమెందుకు?"

"ఆ ఫైలు ఇటివ్వు."

"నీ ఒళ్ళోనే ఉంది... ఏం చేస్తున్నావు? వరస చెడిపోతుంది."

"చెడనీ."

"చింపేస్తావా?"

"జేబులో పెట్టుకుంటున్నాను. ఎక్స్‌రేల మధ్య దీనికేం పని?"

"అంటే... ప్రెస్సతనికి ఏం చెప్పను? నీ ఇష్టమన్నావంటే చంపేస్తాను."

"ఆగు. ఈ కార్డు ఇంకోసారి చూడనీ."

"చూడు."

"బుద్ధుందటే నీకు? పెళ్ళికార్డు ఎవరైనా నీలం రంగులో వేయిస్తారా?"