బావ నోట జారిన పేరు

1951 నవంబరు ఒకటో తేదీ, గురువారం, సాయంత్రం ఏడు గంటల ఇరవై నిమిషాలు. నిమిషాలతో సహా ఎలా చెబుతున్నానంటావా? మీ తాత తెరమీద మీ నాన్నమ్మకు తలాఖ్ చెప్పగానే మా అమ్మ తల తిప్పి హాలు గోడమీది గడియారం చూసింది. తలాఖ్ పడ్డ ఆడది మూడు నెలల గడువు ఉండాలి కదా, దాని లెక్కకి.

ఆ ఫొటో ఒళ్ళో పెట్టుకోకు తల్లీ, నలుగుతుంది. అందులో మీసం పెట్టుడుదే. బావకి, అదే మీ తాతకి, మీసం సరిగా మొలిచేది కాదు, పాపం. సిద్కీ బహ్గత్ అంటే కైరో అంతా వణికిందని మీ నాన్న చెబుతుంటాడు గానీ, వణికింది ఆ మీసానికే. మొదట్లో ట్రాము ఆఫీసులో గుమాస్తా. ఆఫీసు వాళ్ళ నాటకంలో ఎవరో రాకపోతే దొంగ వేషం కట్టాడు, ఇక సినిమావాళ్ళు ముప్పై ఏళ్ళపాటు ఆయన్ని మంచివాడిగా ఉండనిస్తేనా. నలభై రెండు సినిమాలు. పంతొమ్మిదింట్లో పెళ్ళాన్ని వదిలేశాడు, పదకొండింట్లో కత్తిపోటుకి పోయాడు, మిగతావాటిలో జైలుకెళ్ళాడు. ఇంట్లోనేమో కోడిని కోయమంటే సందు చివర కసాయి దగ్గరికి పట్టుకెళ్ళే మనిషి. సయ్యిదా జైనబ్ పేటలో మా వీధి ద్రాక్షపళ్ళ ముసలాయన మాత్రం, మొన్న ఆ అనాథపిల్ల ఇల్లు కాజేసింది నువ్వే కదా అని, ఆయనకెప్పుడూ మెత్తబడ్డ పళ్ళే తూచేవాడు. బావ నోరెత్తకుండా అవే తెచ్చుకునేవాడు. అల్లా ఆయన మీద దయ చూపాలి.

ఆఁ, వస్తున్నా, ఆ సంగతికే వస్తున్నా.

ఆ సినిమాలో ఆయన భార్య పేరు సమీహా. రాసిచ్చిన కాగితంలో అలాగే ఉంది. బావకి మాటలు గుర్తుండేవి కావు, అదొక జబ్బు. వేలెత్తి చూపించి, "నజీరా, నీకు తలాఖ్" అనేశాడు, సొంత పెళ్ళాం పేరు. ఫిలిం ఖరీదని డైరెక్టరు ఆ ముక్క మళ్ళీ తియ్యలేదు. హాల్లో ఎవరూ పట్టించుకోలేదు. నజీరా అక్కయితే, అదే మీ నాన్నమ్మ, గుమ్మడిగింజలు ఒలుచుకుంటూ నవ్వింది. అమ్మ నవ్వలేదు. తలాఖ్ మాట వేళాకోళానికన్నా పడ్డట్టేనని చిన్నప్పటినుంచీ విన్న మనిషి. అక్క చెయ్యి పట్టుకుని, నన్ను ముందుకు తోసి, సగంలోనే లేచి మా ఇంటికి తీసుకొచ్చేసింది. వాళ్ళకి పెళ్ళై అప్పటికి ఏడు నెలలు.

సంగతి తెలిసి బావ పరుగెత్తుకుంటూ వచ్చాడు. అమ్మ తలుపు సందులోంచే మాట్లాడింది. "లోపల నీకు పరాయి ఆడపిల్ల ఉంది నాయనా, అక్కడే నిలబడు." ఆయన మెట్లమీద కూర్చుని ఏడ్చాడు. పై అంతస్తు వాళ్ళు దిగొచ్చి కాసేపు చూసి, మొన్నటి సినిమాలోకన్నా బాగా ఏడుస్తున్నాడని మెచ్చుకుని వెళ్ళారు. అక్కకి నవ్వు పోయింది అప్పుడే. అమ్మది పంతం కాదమ్మా, భయం. కూతురు తెలియక తప్పుడు కాపురం చేసి, రేపు దేవుడి ముందు తలదించుకోకూడదని.

శుక్రవారం నమాజు అయ్యాక మా మసీదు షేక్ అవద్ గారు వచ్చారు. నేనూ అక్కా తెర వెనక. వేషంలో ఎవరో రాసిచ్చిన మాటలు అంటే అది తలాఖ్ కాదని ఆయన నిదానంగా చెప్పారు. అమ్మ ఊరుకోలేదు.

"మాటలు రాసిచ్చినవేనండీ. ఆ పేరు ఎవరు రాసిచ్చారు?"

షేక్ గారు టీ గ్లాసు కింద పెట్టి బావవైపు తిరిగారు. ఆ నిమిషాన నీ మనసులో ఏముందో ఉన్నదున్నట్టు చెప్పమన్నారు. బావ చాప అంచు గిల్లాడు.

"ఏమీ లేదు షేక్ గారూ. ఆ పిల్ల పేరు మరిచిపోయాను. నా ఎదురుగా ఏ ఆడమనిషిని నిలబెట్టినా నోటికొచ్చే పేరు అదొక్కటే."

అక్క తలగుడ్డ అంచు నోట్లో కుక్కుకుంది. షేక్ గారు టీ చివరిదాకా తాగి, తలాఖ్ పడలేదమ్మా, అల్లుడికి భోజనం పెట్టు అని లేచారు. అమ్మ కుందేలు కూర వడ్డించింది.

మర్నాడు పొద్దున పది గంటల ఆటకి మమ్మల్నందరినీ వెంటబెట్టుకుని మళ్ళీ అదే సినిమాకి వెళ్ళింది. ఆ సమీహా పిల్ల గతి చివరికి ఏమైందో తెలియక నిద్రపట్టలేదట. అటు బావ, ఇటు అక్క, మధ్యలో తను. తెరమీద బావ వేలెత్తేసరికి, అమ్మ రెండు చేతులతో అక్క చెవులు గట్టిగా మూసేసింది.