వణుకు వదిలిన గొంతు

1989 జూన్ పన్నెండో తేదీన మా టెలివిజన్ కేంద్రంలోని డబ్బింగ్ విభాగంలో గాత్రధారిణిగా చేరిన నాడు ఆమె వయసు ఇరవై నాలుగు. దక్కిన తొలి పాత్ర మాత్రం మంచం పట్టిన ముసలమ్మ. గొంతును సన్నగా వణికించి, మాటకు ముందొక దగ్గు చేర్చి ఆమె పలికిన తీరుకు అందరూ ముగ్ధులయ్యారు. ఆనాటి నుంచి కేంద్రమంతటికీ ఆమె ‘బామ్మగారు’. సౌండ్ ఇంజనీరునైన నేనూ అలాగే పిలిచాను.

ఆ రోజుల్లో తెర మీది వృద్ధ స్త్రీకి రెండే పనులు: దీవించడం, కన్నుమూయడం. తరువాత వచ్చిన ధారావాహికలు కోడళ్లను కాల్చుకుతినే పనిని కూడా అప్పగించాయి. ఆ పాత్రలన్నిటికీ ఆమె సమాన శ్రద్ధతో ప్రాణం పోశారు. మూడో వారానికల్లా రచయితలు ఆ ప్రాణం తీసేవారు.

నిరుడు ఆమెకు లభించిన చివరి ధారావాహికలో కథానాయిక అరవయ్యేళ్ల విశ్రాంత నర్సు. కొడుకుతో అనవలసిన మాట: “నేను ఈత నేర్చుకుంటున్నాను. నిన్ను అడగడం లేదు, చెబుతున్నాను.” దర్శకురాలు వణుకు వద్దన్నారు. ఎంత ప్రయత్నించినా అది పోలేదు.

“మీ సొంత గొంతుతో చెప్పండమ్మా.”

“మైకు ముందు నా గొంతెలా వస్తుందో మర్చిపోయానమ్మా” అంటూ ఆమె కళ్లు తుడుచుకున్నారు. మర్నాడు కూడా కుదరకపోతే మరొకరిని పిలుస్తామని దర్శకురాలు బాధపడుతూనే చెప్పేశారు.

మర్నాడు ఆమె వెంట ఎనభై దాటిన అత్తగారు వచ్చారు. రికార్డింగ్ గది అద్దం ఇవతల నా పక్క కుర్చీలో కూర్చుని, వణుకుతున్న ఆ వాక్యాన్ని కాసేపు భరించి, లోపలివాళ్లతో మాట్లాడే నా మైకు లాక్కున్నారు.

“ఏమే అమ్మాయ్, ముసలిదాన్ని నేను. నా గొంతెప్పుడైనా వణికిందా? నాతో పోట్లాడేటప్పుడు వీధి చివరిదాకా వినిపిస్తుందే, ఆ గొంతేది?”

“అత్తయ్యా, నలుగురిలో నా పరువు తీయకండి!”

“ఆ, అదే! కానీయ్!”

మా బామ్మగారికి నవ్వొచ్చింది. ఆ నవ్వు పెదవుల మీద ఉండగానే ఈత మాట చెప్పేశారు. నిండైన, కాస్త బొంగురైన, అరవయ్యేళ్ల గొంతు. మైకులో ఆమె అసలు గొంతు వినడం నాకదే మొదటిసారి. దర్శకురాలు చప్పట్లు కొట్టారు, అత్తగారు మాత్రం కొంగుతో ముఖం తుడుచుకుని, “ఇంత చక్కటి గొంతు, ఇన్నేళ్లూ ఎందుకు దాచావే!” అన్నారు.

ధారావాహిక ముగిసేసరికి ఆ నర్సు బతికే ఉంది. మా గాత్రధారిణికి అది కొత్త అనుభవం.

అమ్మా, ఈ నెలాఖరున మీరు పదవీ విరమణ చేస్తున్నారు. మీకు సంపూర్ణ ఆరోగ్యమూ దీర్ఘాయువూ కలగాలనీ, ఇక మీదట ఎవరో రాసిచ్చిన ముసలితనాన్ని కాక మీ మనసులోని మాటలనే, మీకు నచ్చినంత బిగ్గరగా, చాలాకాలం పలుకుతూ ఉండాలనీ మీ సహోద్యోగులందరి పక్షాన కోరుకుంటున్నాను. మేము వింటూనే ఉంటాం.